పదార్థతత్త్వాన్వేషి సర్ కే. యస్. కృష్ణన్

మహనీయుల చరితములను స్మరించుట సంఘమునకు బలమును, యువకులకు మార్గమును చూపునని పెద్దల యభిప్రాయము. రాజుల చరితములను, కవుల చరితములను, భక్తుల చరితములను మనము తరచుగా చదువుచుందుము. ఒక చిన్న స్ఫటికపు తునుకను సన్నని పోగునకు వ్రేలాడదీసి, అది అయస్కాంతముల నడుమ నెటు తిరుగునో యేండ్ల తరబడి యోపికతో చూచిన పురుషుని చరితము మాత్రము మన కంత పరిచితము గాదు. అట్టి చరితము నొకదానిని ఈ వార్షిక మహాసభా సంచికయందు సభ్యమహాశయుల యెదుటను, పోషకుల యెదుటను ఉంచవలెనని మేము సంకల్పించితిమి. కరియమాణిక్కం శ్రీనివాస కృష్ణన్‌గారు మన సంఘమువారు కారు, ఆంధ్రులును కారు, ద్రావిడదేశీయులు. ఐనను వారి జీవితమునందు మన సంఘమునకు, ముఖ్యముగా విద్యార్థులకు చేయూత నిచ్చు దాతలకు, మిక్కిలి యుపయుక్తమైన విషయము కలదని మా విశ్వాసము.

నేడు ప్రతి గృహమునందును, బాలుని మొదలు వృద్ధుని వఱకు ప్రతివాని చేతియందును ఒక ఎలక్ట్రానిక్ యంత్రము కానవచ్చుచున్నది. దానిని చూచి యాశ్చర్యపడువారు పెక్కుమంది. అది యే పదార్థములచే నిర్మింపబడినదని ప్రశ్నించువారు కొలదిమంది. కుండకు మన్ను ఎట్టిదో, వస్త్రమునకు నూలు ఎట్టిదో, ఈ యంత్రములకు సిలికాన్, జర్మేనియం, గాలియం, ఫెర్రైటు మున్నగు పదార్థము లట్టివి. మన్నునందు రాయి యున్నచో కుండ పగులును. నూలునందు ముడి యున్నచో నేత చెడును. ఈ పదార్థములయందైనచో, పదికోట్ల సిలికాన్ పరమాణువుల నడుమ ఒక్క బోరాన్ పరమాణువు చేరినంతమాత్రమున దాని విద్యుద్వాహకత వేలరెట్లు మారిపోవును. కావున ఈ విద్యయందు శుద్ధియే ప్రధానము. శుద్ధపదార్థమును సంపాదించుటకు ముందు పదార్థతత్త్వము తెలియవలెను. ఆ తత్త్వమును తెలిసికొనుటకై మన దేశమున నలువది యేండ్లు తపస్సు చేసినవారు కృష్ణన్‌గారు.

వీరు 1898 వ సంవత్సరము డిసెంబరు 4 వ తేదీన శ్రీవిల్లిపుత్తూరు సమీపమునందలి వత్రాప్ గ్రామమున జన్మించిరి. శ్రీవిల్లిపుత్తూరనగానే యాంధ్రుని హృదయము పులకించును గదా! విష్ణుచిత్తుల తులసీవనమును, గోదాదేవి మాలికను శ్రీకృష్ణదేవరాయలవారు తమ ఆముక్తమాల్యదయందు వర్ణించిన పుణ్యస్థల మదియే. కృష్ణన్‌గారి తండ్రి సేద్యము చేసికొనుచునే తమిళ సంస్కృత వాఙ్మయములయందు పరిశ్రమ చేసిన విద్వాంసులు. బాల్యమునందు తండ్రివలన లభించిన ఈ సాహిత్యసంస్కారము కృష్ణన్‌గారిని కడవఱకు విడువలేదు. విజ్ఞానశాస్త్రముపై వారికి ప్రీతి కలిగించిన ఘనత పాఠశాలయందలి యుపాధ్యాయునకు చెందినది. ఆ యుపాధ్యాయుడు గొప్ప శాస్త్రజ్ఞుడు గాకపోయినను, తనకు గల ఆసక్తిని శిష్యుని మనస్సునందు నాటగలిగెను. జీవితమంతయు బడిపంతులుగా గడపిన మాకు ఈ యంశము మిగుల సంతోషము గూర్చినది.

పిదప వారు మధురయందలి అమెరికన్ కళాశాలలోను, మదరాసు క్రైస్తవ కళాశాలలోను చదివి, ఆ క్రైస్తవ కళాశాలయందే రసాయనశాస్త్ర విభాగమున ప్రదర్శకులుగా నియమింపబడిరి. మధ్యాహ్న విరామకాలమున విద్యార్థులు వీరిచుట్టు చేరి శాస్త్రవిషయములను చర్చించుచుండెడివారట. ఐనను బోధనమాత్రముతో వారికి తృప్తి కలుగలేదు. సి. వి. రామన్‌గారి కీర్తి యప్పటికే దక్షిణదేశమునకు ప్రాకియుండెను. 1920 లో కృష్ణన్‌గారు కలకత్తా చేరి యచ్చటి విశ్వవిద్యాలయపు విజ్ఞానకళాశాలలో ప్రవేశించిరి. 1923 మొదలు రామన్‌గారికి పరిశోధన సహాయకులైరి.

వీరు పని చేసిన స్థలమును గూర్చి యిచ్చట కొంత చెప్పవలసియున్నది. అది భారతీయ విజ్ఞానసంవర్ధక సంఘము. మహేంద్రలాల్ సర్కారను వైద్యుడు 1876 లో దానిని స్థాపించెను. అది ప్రభుత్వమువారు కట్టించిన భవనము గాదు. దేశీయులగు దాతలు చందాలు వేసికొని నిలిపిన సంస్థ. దాని ప్రయోగశాలకు మన విజయనగర సంస్థానాధీశులు ధనసాహాయ్య మొనర్చిరి. విజయనగరము పేరిటనే యా ప్రయోగశాల ప్రసిద్ధి చెందెను. సర్కారు బ్రతికియుండగా అందు గొప్ప పరిశోధన లేవియు జరుగలేదు. దీపము వెలిగించువాడు రాలేదు గాని ప్రమిద సిద్ధముగా నుండెను. 1907 లో రామన్‌గారు ప్రభుత్వపు లెక్కల శాఖలో ఉద్యోగియై కలకత్తాకు వచ్చి, సాయంకాలములందును తెల్లవారుజాములందును ఆ ప్రయోగశాలలో పని ప్రారంభించిరి. ముప్పదియేండ్లకు పైగా నిలువయున్న దానఫల మప్పుడు మొలకెత్తినది. దాత నాటిన విత్తు దాత కన్నులయెదుటనే ఫలింపవలె నను నియమము లేదు.

కలకత్తాలో కృష్ణన్‌గారు మొట్టమొదట చేపట్టినది ద్రవములయందు కాంతి చెదరుటను గూర్చిన పరిశోధనము. వినుట కిది సులభము. కాని ద్రవమునందు ధూళికణ మొక్కటి యున్నను, ఇతర పదార్థ మించుక కలిసినను, కనబడు కాంతి ద్రవముయొక్క కాంతి కాదు, మాలిన్యముయొక్క కాంతి. అందుచే వారు ఒక్కొక్క ద్రవమును నిర్వాతపాత్రలయందు మరల మరల ఆవిరిచేసి, చల్లార్చి, నిర్మలము చేసి, పిదపనే పరీక్షించుచుండిరి. ఇట్లు అనేక ద్రవములను శోధించిరి. శుద్ధియందు వారికి గల ఈ పట్టుదలయే పిమ్మట వారు చేసిన కార్యముల కన్నిటికిని పునాదియని మా యభిప్రాయము.

1928 ఫిబ్రవరి మాసమున రామన్‌గారి యాజ్ఞచొప్పున కృష్ణన్‌గారు సిద్ధాంతగ్రంథములను ప్రక్కనబెట్టి ప్రయోగములకు పూనుకొనిరి. సూర్యకాంతిని నీలపుగాజుగుండా పంపి శుద్ధద్రవముపై ప్రసరింపజేసి, చెదరిన కాంతియందు ప్రవేశించిన వర్ణము గాక మఱియొక వర్ణమును కలదా యని పరీక్షించిరి. కలదని తేలినది. కాంతి అణువుతో సంబంధించినప్పుడు తన శక్తియందు కొంత దానికి విడుచును, లేదా దానినుండి కొంత గ్రహించును. అందుచే వర్ణము మారును. ఈ క్రొత్త కాంతిని ప్రకటించిన మొదటి లేఖ రామన్, కృష్ణన్‌గార్ల యిరువురి పేరులతో నేచర్ పత్రికకు పంపబడెను. ఫిబ్రవరి 28 వ తేదీని దేశమంతయు జాతీయ విజ్ఞానదినముగా జరుపుకొనుచున్నది. 1930 లో నోబెల్ బహుమానము మాత్రము రామన్‌గారి కొక్కరికే లభించెను. ఆ బహుమానమున శిష్యునకు భాగముండవలసినదా యను చర్చ పండితులయందు నేటికిని జరుగుచున్నది. ఆ తీర్పు చెప్పుట మా పని కాదు. కృష్ణన్‌గారి తరువాతి జీవితము ఆ బహుమానమును తలచి వగచుటతో గడువలేదు, క్రొత్తపనితో గడచినది. కష్టపడియు పేరు దక్కలేదని చిన్నబుచ్చుకొను మన యువకులు దీనిని గమనింపవలెను.

1928 చివర వారు ఢాకా విశ్వవిద్యాలయమున రీడరుగా నియుక్తులైరి. సత్యేంద్రనాథ వసువుగా రప్పు డచ్చటనే యుండిరి. అచ్చట కృష్ణన్‌గారు స్ఫటికములను చేపట్టిరి. మన శాస్త్రగ్రంథములయందు స్ఫటికము మనస్సునకు దృష్టాంతము. చెంతనున్న పూవు రంగును తనయందు చూపునది. కృష్ణన్‌గారు దృష్టాంతముతో తృప్తినొందక స్ఫటికమునే ప్రశ్నించిరి. స్ఫటికము ఒక దిక్కున నొకవిధముగను, వేరొక దిక్కున వేరొకవిధముగను అయస్కాంతమునకు లోబడును. ఆ భేదమును కొలుచుటకు, సన్నని క్వార్ట్జుపోగునకు స్ఫటికమును వ్రేలాడదీసి, అయస్కాంతధ్రువముల నడుమ నుంచి, పోగును పైనుండి మెల్లగా మెలిపెట్టుచు పోయిరి. ఒకానొక కోణమువద్ద స్ఫటికము నిలువజాలక గిఱ్ఱున తిరుగును. ఆ కోణమునుండి రెండు దిక్కుల భేదము గణితముచే లభించును. ఆ భేదమునుండి, స్ఫటికము లోపల అణువులు పడుకొని యున్నవో, ఏటవాలుగ నున్నవో తెలియును. కంటికి కానరాని దానిని ఒక పోగుమెలికచే చెప్పించిన ఈ యుపాయము దేశవిదేశముల విద్వాంసుల ప్రశంస నందెను. ఎక్స్‌కిరణములచే స్ఫటికములను పరీక్షించుటలో దిట్టయైన కాథ్లీన్ లాన్స్‌డేల్ అను ఆంగ్లవిదుషి 1936 లో వీరితో కలిసి వ్యాసము ప్రకటించెను.

1933 లో కృష్ణన్‌గారు కలకత్తా విజ్ఞానసంవర్ధక సంఘమునకు మహేంద్రలాల్ సర్కారు పేరిట నేర్పడిన ఆచార్యపదవియందు మరల వచ్చిరి. అచ్చట గ్రాఫైటును శోధించిరి. పెన్సిలునందలి నల్లనిపుల్లకు ఆధారమైన యీ పదార్థము పొరలుపొరలుగా నుండును. దానియందలి ఎలక్ట్రానులు పొరవెంట స్వేచ్ఛగా తిరుగును. పొరకు అడ్డముగా తిరుగనేరవు. 1940 లో లండను రాయల్ సొసైటీవారు వీరిని సభ్యులుగా నెన్నుకొనిరి. 1942 లో అలహాబాదు విశ్వవిద్యాలయమున భౌతికశాస్త్రాచార్యులైరి. అచ్చట ఏ. బి. భాటియాగారితో కలిసి, కరగిన లోహములు విద్యుత్తును ఏల ఎంతమాత్ర మడ్డగించునను ప్రశ్నకు సిద్ధాంతమును రచించిరి. 1946 లో వారికి సర్ బిరుదు లభించెను. కాంతిని గూర్చి ప్రారంభించిన మనుజుడు స్ఫటికమునకును, స్ఫటికమునుండి దానియందలి ఎలక్ట్రానులకును చేరుట గమనింపుడు. ఎలక్ట్రానిక్ పదార్థశాస్త్రము నడచిన బాటయు నిదియే.

దేశము స్వాతంత్ర్యద్వారమున నిలిచియుండిన కాలమది. శాంతిస్వరూప భట్నాగరుగారి నాయకత్వమున ప్రభుత్వ పరిశోధనమండలి దేశమున ప్రయోగశాలలను నెలకొల్ప నుద్యమించెను. 1947 జనవరి 4 వ తేదీన ఢిల్లీలో జాతీయ భౌతిక ప్రయోగశాలకు జవహర్లాల్ నెహ్రూగారు శంకుస్థాపన మొనర్చిరి. దానికి ప్రథమాధ్యక్షులుగా కృష్ణన్‌గారు నియమింపబడిరి. 1950 జనవరి 21 వ తేదీన సర్దార్ పటేలుగారు ఆ భవనమును ప్రారంభించిరి. 1948 లో నేర్పడిన పరమాణుశక్తి సంఘమునందును భాభా, భట్నాగరుగార్లతో పాటు వీరు సభ్యులైరి. ఒంటరిగా పోగును మెలిపెట్టుకొను విద్వాంసునకు ఇది పెద్ద భారము. యంత్రములు తెప్పించుట, యువకుల నెన్నుట, ధనము లెక్కజూచుట, మంత్రులకు సమాధానము చెప్పుట - ఇవి యన్నియు వారి తలపై బడెను.

ఆ ప్రయోగశాలకు మొదటి ధర్మము దేశపు కొలతలను కాపాడుట. మాట తప్పని మనుష్యునివలె కొలత తప్పని పరికరము దేశమునకు కావలెను. అంతవఱకు ఒక్కొక్క సీమకు ఒక్కొక్క వీశె, ఒక్కొక్క శేరు. 1956 నాటి తూనికలు కొలతల చట్టముచే మెట్రిక్ పద్ధతి మనకు వచ్చినది. ఆ పద్ధతికి ప్రమాణముగా నాడు పారిసునుండి వచ్చిన 57 వ సంఖ్యగల కిలోగ్రాము ప్రతిరూప మీ ప్రయోగశాలయందే భద్రపఱుపబడెను.

రెండవ ధర్మము పదార్థములను కనిపెట్టి, దేశమున తయారుచేయు విధమును నేర్పుట. అప్పటి రేడియోలు వాల్వులచే పనిచేయుచుండెను. వాల్వునందు లోహపుతీగ కాగి ఎలక్ట్రానులను విడుచును. ఏ పదార్థ మెంత వేడికి ఎన్ని ఎలక్ట్రానులను విడుచునో తెలియనిదే వాల్వు చేయుట సాధ్యము గాదు. కొలిచినవారందఱికి వేర్వేరు సంఖ్యలు వచ్చుచుండెను; ఏలనగా పదార్థపు ఉపరితలమున మాలిన్య మంటినంతనే లెక్క మారును. కృష్ణన్‌గారు అధ్యక్షపీఠమునం దుండియు తమ శిష్యుడు యస్. సి. జైన్‌గారితో కూడి యీ చిక్కును విప్పిరి. వారు బోలుగా నున్న ఒక చిన్న గదిని ఆ పదార్థముతోనే చేసి, నిర్వాతమున దానిని ఎఱ్ఱగా కాల్చి, దాని గోడయందు సూదిబెజ్జమంత రంధ్ర ముంచిరి. మూతపెట్టిన కుండలో ఆవిరి నిండినట్లు ఆ గదియందు ఎలక్ట్రానులు నిండును. రంధ్రముగుండా వెలుపలికి వచ్చు ప్రవాహమును కొలిచినచో లోపలి నిండుదనము తెలియును. ఉపరితలపు మాలిన్యము చేయు మోసము ఈ పద్ధతియందు సాగదు. లోహములను, అర్ధవాహకములను ఈ విధముగా పరీక్షించి 1952 లో ఫలితములను ప్రకటించిరి.

ఆ ప్రయోగశాలయందే కార్బనుతో వస్తువులు చేయు విధానములు సిద్ధమైనవి. ఆనాడు చలనచిత్రశాలలయందు తెరపై పడు తెల్లని కాంతి రెండు కార్బనుకడ్డీల నడుమ మండు జ్వాలనుండియే వచ్చుచుండెను. ఆ కడ్డీలను మన మన్యదేశములనుండి తెప్పించుకొనుచుంటిమి. అచ్చటనే ఫెర్రైటులపై కృషి జరిగినది. ఇనుపతుప్పుతో జింకు, మాంగనీసు, నికెలు మున్నగువాని భస్మములను కలిపి, అచ్చుపోసి, కుండలవలె కాల్చినచో నల్లని కడ్డీ యేర్పడును. అది అయస్కాంతగుణము కలది. విద్యుత్తును మాత్రము సులభముగా ప్రసరింపనీయదు. అందుచే రేడియోతరంగముల వేగమైన కంపనలయందు సైతము శక్తి వృథాగాదు. పాత ట్రాన్సిస్టరు రేడియోను విప్పి చూచినవారు తీగచుట్టిన ఆ నల్లని కడ్డీని చూచియే యుందురు.

ఐనను లోకము ఫలమును త్వరగా కోరును. ఆ ప్రయోగశాలలో సిద్ధమైన సూర్యతాపపు వంటపొయ్యి పత్రికలయందు మిక్కిలి ప్రఖ్యాతి చెందెను గాని విపణియందు నిలువలేకపోయెను. ప్రభుత్వధనమును వ్యయపఱచి ఏమి సాధించితిరని పలువు రడిగిరి. అడుగుట తప్పుగాదు, అది ప్రజల సొమ్ము. కాని పొయ్యియొకటి చల్లారినదని విద్యయే వ్యర్థమనుట పొరపాటు. వెంటనే యమ్ముడుపోవు వస్తువు వేరు, వస్తువుల కన్నిటికి మూలమగు జ్ఞానము వేరు. రెండవది లేనిదే మొదటిది ఎన్నడును పరులయొద్ద కొనవలసినదియే యగును. కృష్ణన్‌గారు విమర్శలకు కోపింపక, అధికారభారమున నలిగియు, తమ ప్రయోగములను విడువక చేసిన పనియే వారి సమాధానము.

వారి పాండిత్యము భౌతికశాస్త్రముతో ముగియలేదు. తమిళ సంస్కృత కావ్యములయందు వారికి గల ప్రవేశము పండితులను సైతము మెప్పించెను. తమిళమున శాస్త్రవిషయములను సామాన్యులకు తెలియునట్లు చెప్పుచుండిరి. కథలు చెప్పి నవ్వించుటలో నేర్పరులు. ఆంగ్లము వచ్చినవానికి మాతృభాష అక్కఱలేదనియు, శాస్త్రము నేర్చినవానికి సాహిత్య మక్కఱలేదనియు తలంచువారికి వీరి జీవితమే ప్రత్యుత్తరము. 1949 లో భారత విజ్ఞానమహాసభ కధ్యక్షత వహించిరి. 1954 లో పద్మభూషణులైరి. 1958 లో భట్నాగరు బహుమానమును ప్రప్రథమముగా నందుకొనిరి. 1961 జూన్ 14 వ తేదీన ఢిల్లీలో, తమ యరువదిమూడవ యేట, కీర్తిశేషులైరి.

వారు పోయిన పిదప పని యాగలేదు. వారు బ్రతికియుండగనే 1953 లో పిలానీయందు ఎలక్ట్రానిక్సు పరిశోధనాలయమునకు శంకుస్థాపన జరిగియుండెను. జాతీయ ప్రయోగశాలలయందు పుట్టిన విధానములను కర్మాగారమునకు చేర్చుటకై 1974 లో సాహిబాబాదున సెంట్రల్ ఎలక్ట్రానిక్సు అను ప్రభుత్వసంస్థ వెలసెను. 1990 లో కేవలము ఎలక్ట్రానిక్ పదార్థములకొఱకే భారతప్రభుత్వమువా రొక సంస్థను నెలకొల్పిరి. దానినే సీ-మెట్ అందురు. పూనా, త్రిచూరు నగరములతో పాటు మన హైదరాబాదునందును దానికి ప్రయోగశాల కలదు. హైదరాబాదు శాఖవారి ముఖ్యకార్యము లోహములను అతిశుద్ధము చేయుట. నూటికి తొంబదితొమ్మిది పాళ్లు శుద్ధమన్నచో మనము బంగారమునైనను మెచ్చుకొందుము. ఈ విద్యయందు దశాంశబిందువు పిమ్మట మఱి నాలుగైదు తొమ్మిదులు చేరవలెను. పాడైపోయిన యంత్రముల చెత్తనుండి విలువగల లోహములను మరల రాబట్టు పద్ధతులను సైతము వారు సాధించుచున్నారు. ఒకనాడు కలకత్తాలో ధూళికణమును విడువక ద్రవమును నిర్మలము చేసిన ఆ శ్రద్ధయే నేడు మన నగరమున లోహములను నిర్మలము చేయుచున్నది.

మహాజనులారా! ఈ చరితమునుండి మేము గ్రహించినది చెప్పి విరమింతుము. విజయనగర ప్రభువులు ప్రయోగశాల కిచ్చిన ద్రవ్యముచే తమ కాలమున ఏమి ఫలించునో వారికి తెలియదు. మహేంద్రలాల్ సర్కారు తన సంస్థకు అపజయమే మిగిలెనని చింతించుచు మరణించెను. వారి దాన మచ్చట నిలిచియుండబట్టియే వత్రాప్ గ్రామపు కర్షకుని కుమారునకు పని చేసికొన నీడ లభించినది. మన సంఘమున వివాహములకు, పందిళ్లకు, ఊరేగింపులకు వెచ్చించు ధనమును లెక్కవేసినవారు లేరు. విద్యార్థివేతనములకు వచ్చు చందాలను మాత్రము ప్రతియేటను వ్రేళ్లపై లెక్కింపవచ్చును. వేతన మిచ్చి మరుసటియేటనే ఉద్యోగ మేదియని విద్యార్థిని అడుగు దాతలను మేము చూచియున్నాము. వారియందు మాకు గౌరవము కలదు; ఐనను ఒక్క విన్నపము. ప్రతియేట ఒక్క బాలుని, ఒక్క బాలికను ఎన్నుకొని, ఫలమెప్పుడని యడుగక, పదియేండ్లు మూలవిద్యను నేర్చుకొననిండు. గ్రామపాఠశాలలకు ఒక్కొక్క చిన్న ప్రయోగశాలను సమకూర్పుడు. అందు నూర్గురు సామాన్యులుగా మిగిలినను, ఒక్కరు పదార్థతత్త్వము నెఱిగినచో మీ ధనము ధన్యమగును.

శుద్ధమైన ద్రవము, శుద్ధమైన లోహము, శుద్ధమైన శ్రద్ధ - ఈ మూటిని గోరిన కృష్ణన్‌గారి మార్గము మన యువకులకు ఆదర్శమగుగాక! ఈ మహాసభ జయప్రదమగుగాక!